చక్కెరదుంపల సీమలో ఒక్క పాట

అమెరికా వెళ్ళి వచ్చినవారు సాధారణంగా నయాగరా జలపాతాన్ని గురించీ, న్యూయార్కు మేడలను గురించీ వ్రాస్తారు. అవి నేనూ చూశాను. చూడదగినవే. కాని ఈ వ్యాసం వాటిని గురించి కాదు. ఎవరూ పనిగట్టుకొని పోని ఒక ఊరిని గురించి, ఆ ఊరి కుర్రవాళ్ళు 1966లో పాడిన ఒక పాటను గురించి నాలుగు మాటలు చెప్పాలని కూర్చున్నాను.

మిషిగన్ రాష్ట్రంలో, డెట్రాయిట్ నగరానికి దగ్గరలో మా అమ్మాయి, అల్లుడు కాపురముంటున్నారు. అక్టోబరు మాసంలో ఒక శనివారం ఉదయం అల్లుడు కారు తాళాలు చేతబట్టుకొని, "మామయ్యా, ఇవాళ ఉత్తరంగా పోదాం రండి. శాగినా చూపిస్తాను" అన్నాడు.

"అక్కడేముంది నాయనా?" అని అడిగాను.

"చూడటానికి పెద్దగా ఏమీ లేదు. వినడానికి ఒకటుంది" అన్నాడు. మా అల్లుడికి సంగీతం పిచ్చి. అతని ఇంట్లో పాత గ్రామఫోను రికార్డులు బియ్యం బస్తాల కంటె ఎక్కువ చోటు ఆక్రమించుకొని ఉంటాయి. సరే, చూద్దామని బయలుదేరాను.

డెట్రాయిట్ నుంచి శాగినాకు సుమారు నూట అరవై కిలోమీటర్ల దారి. ఫ్లింట్ పట్టణం దాటేదాకా అడవులు, మిట్టలు. ఆ తరువాత నేల బల్లపరుపుగా అయిపోతుంది. పూర్వం ఎన్నో వేల ఏళ్ళనాడు ఇదంతా ఒక పెద్ద సరస్సు అడుగు భాగమట. అందుకే మన్ను నల్లగా, మెత్తగా ఉంటుంది. ఆకులు రాలే కాలం కావటంచేత చెట్లన్నీ ఎర్రగా, పసుప్పచ్చగా మండుతున్నట్లున్నాయి. కాని నా చూపు చెట్లమీద నిలవలేదు. రోడ్డుమీద మా ముందు పోతున్న లారీల మీద పడింది. వాటినిండా మట్టి కొట్టుకొనిపోయిన బూడిదరంగు గడ్డలు. ఒక్కొక్కటి పెద్ద ముల్లంగి గడ్డను లావుగా చేసినట్లుంది. మలుపు వచ్చినచోట ఒకటి రెండు దొర్లి రోడ్డు పక్కన పడుతున్నాయి.

"అవి చక్కెరదుంపలు" అన్నాడు అల్లుడు.

నాకు ప్రాణం లేచివచ్చింది. నేను షోలాపురం జిల్లాలో పుట్టి పెరిగినవాణ్ణి. దసరా, దీపావళి వెళ్ళాయంటే మా రోడ్లన్నీ చెరకు ట్రాక్టర్లతో నిండిపోతాయి. వాటి వెనుక పోయే బస్సులో కూర్చొని విసుక్కోవడం, దారిలో పడిన గడ కోసం పిల్లలు పరుగెత్తడం నాకు చిన్ననాటి నుంచీ తెలిసిన తంతు. భూగోళానికి ఆవలి ప్రక్క కూడా చక్కెర ఇట్లాగే రోడ్డుమీద దొర్లుకుంటూ పోతున్నదంటే ఏదో బంధువుల ఊరికి వచ్చినట్లనిపించింది.

ఇక్కడ చెరకు పండదు. మంచు దేశం. మనకు చెరకు ఎట్లాగో వారికి ఈ దుంప అట్లాగ. ఇది మనం కూర వండుకొనే ఎర్ర బీటురూటుకు దాయాదే గాని రంగు తెలుపు. నూరు పాళ్ళలో పదిహేను పాళ్ళకు పైగా చక్కెర ఉంటుంది. దుంపను సన్నగా తరిగి, వేడినీటిలో నానవేసి తీపి దింపుతారు. సున్నంతో ఆ రసాన్ని తేటపరచి, ఇగిరించి, పంచదార చేస్తారు. మన చక్కెర మిల్లు పద్ధతికి పెద్ద తేడా లేదు.

ఈ సీమకు చక్కెర వచ్చిన కథ కూడా వినదగినదే. పందొమ్మిదవ శతాబ్దంలో శాగినా నది వెంట తెల్ల దేవదారు అడవులు దట్టంగా ఉండేవి. వాటిని నరికి, దుంగలు నదిలో తేల్చి, ఒడ్డున ఉన్న రంపపు మిల్లులలో కోసి, దేశమంతటికీ ఇండ్ల కలప పంపేవారు. 1880 ప్రాంతంలో ఆ వ్యాపారం శిఖరాన ఉన్నది. తరువాత పది పదిహేను ఏళ్ళలో అడవి అయిపోయింది. మిగిలినవి మొద్దులు, ఖాళీ మిల్లులు. ఏం చేయాలా అని ఆలోచించి చక్కెరదుంప వేశారు. బే సిటీని ఆనుకొని ఉన్న ఎసెక్స్‌విల్లిలో 1898లో మొదటి ఫ్యాక్టరీ నడిచింది. అప్పటి నుంచి ఈనాటి వరకు ఈ లోయలో దుంప పంట తప్పలేదు.

దుంప నాటడం తేలిక. పెంచడం ప్రాణాంతకం. పాత రకం విత్తనం నిజానికి ఒక విత్తనం కాదు, నాలుగైదు విత్తనాలు అంటుకొని ఉన్న ముద్ద. ఒకటి వేస్తే గుత్తిగా నాలుగు మొలకలు వస్తాయి. వాటిలో ఒకదాన్ని ఉంచి మిగిలినవాటిని పెరికివేయకపోతే దుంప ఊరదు. ఆ పని యంత్రానికి చేతకాదు. మనిషి నడుము వంచి, పొట్టిపిడి దోకుడుపారతో సాళ్ళ వెంట మైళ్ళకు మైళ్ళు పాకినట్లుగా పోవాలి. మళ్ళీ కలుపు తీయాలి. శరత్కాలంలో దుంప పైకి తీసి, కొసన కొక్కెం ఉన్న కత్తితో ఒక్కొక్కదాని తల నరకాలి. అప్పటికి చలి మొదలై చేతులు కొంకర్లు పోతుంటాయి.

ఈ పనికి చుట్టుప్రక్కలవారు చాలలేదు. మొదట్లో ఐరోపా నుంచి వచ్చిన వలస కుటుంబాలను పెట్టారు. ఆ తరువాత చక్కెర కంపెనీలు దక్షిణాన ఉన్న టెక్సాస్ నుంచి మెక్సికన్ కుటుంబాలను రప్పించసాగాయి. రెండు వేల కిలోమీటర్ల పైబడిన దూరం. మొదట రైళ్ళలో, తరువాత పై కప్పులేని లారీలలో, ముసలివారు, పసిపిల్లలు, వంటపాత్రలతో సహా వసంతకాలంలో వచ్చేవారు. పంట కాగానే తిరిగి పోయేవారు. పొలాల అంచున వారికి ఇచ్చిన కొట్టాలలో ఉండేవారు. పిల్లలకు ఒక చోట బడి ఉండేది కాదు. రెండవ ప్రపంచయుద్ధం తరువాత దుంపలు తీసే యంత్రాలు వచ్చాయి. ఏక విత్తనపు దుంపా వచ్చింది. పొలాల్లో కూలి తగ్గింది. ఆ వేళకే శాగినాలో మోటారు కంపెనీలకు ఇనుప భాగాలు పోతపోసే ఫ్యాక్టరీలు రాత్రింబగళ్ళు నడుస్తున్నాయి. కొన్ని కుటుంబాలు టెక్సాసుకు తిరిగి పోవడం మానివేసి, ఆ పోత కార్ఖానాలలో చేరి, ఈ ఊళ్ళోనే ఇళ్ళు చూసుకొన్నాయి.

ఇంతవరకు చెప్పి అల్లుడు కారులో పాట పెట్టాడు.

మొదట ఒక చిన్న ఎలక్ట్రిక్ ఆర్గన్ మోగింది. ఒకే చిన్న పలుకు, మళ్ళీ అదే, మళ్ళీ అదే. గోడ గడియారం కొట్టుకొన్నట్లు. తరువాత ఒక గొంతు. పాడుతున్నదా, మాట్లాడుతున్నదా అని అనుమానం. సాహిత్యం కూడా గొప్పది కాదు. ప్రియురాలు విడిచిపోయింది. ఏదో ఒకనాడు నేనూ పైకి వస్తాను, అప్పుడు నీవు ఏడుస్తావు, తొంభై ఆరు కన్నీటి బొట్లు అంటాడు. మూడు నిమిషాలకు మించని పాట. సంగీతంలో రెండు మూడు స్వరస్థానాల చుట్టూ తిరగడమే గాని ఒక గమకం లేదు, ఒక విస్తరణ లేదు. అయినా అయిపోయిన తరువాత కూడా ఆ ఆర్గన్ పలుకు నా చెవిలో తిరుగుతూనే ఉన్నది.

"మళ్ళీ పెట్టు" అన్నాను. అల్లుడు నవ్వాడు.

ఈ తరహా సంగీతానికి గ్యారేజీ రాక్ అని పేరు. 1960ల తొలి భాగంలో అమెరికాలో ప్రతి పేటలోనూ నలుగురు కుర్రవాళ్ళు చేరి, అప్పో సప్పో చేసి గిటార్లు కొని, ఇంటి పక్కన కారు నిలిపే కొట్టంలో సాధన చేసేవారు. గురువు లేడు, పాఠం లేదు. రికార్డు విని చేయి తిప్పుకోవడమే. శనివారం రాత్రి బడి హాలులోనో, పెళ్ళి విందులోనో వాయించి నాలుగు డాలర్లు తెచ్చుకొనేవారు. వేలకొద్దీ మేళాలు పుట్టి, వేలకొద్దీ పోయాయి. కొన్నింటికి మాత్రం ఒక్క పాట తగిలింది. తొంభై ఆరు కన్నీటి బొట్ల పాట అట్లా తగిలినవాటిలో ఒకటి.

శాగినా మేళం 1962 ప్రాంతంలో మొదలైంది. లారీ బోర్హాస్, బాబీ బాల్డెరామా, రాబర్ట్ మార్టినెజ్ అనే ముగ్గురు కుర్రవాళ్ళు. ముగ్గురూ టెక్సాస్ నుంచి వచ్చి నిలిచిన మెక్సికన్ కుటుంబాల బిడ్డలే. మొదట్లో పాట లేదు, వాద్యమే. ఒక జపాను చిత్రం చూసి మిస్టీరియన్స్ అని పేరు పెట్టుకొన్నారు. అది 1957లో వచ్చిన చిత్రం. వేరే గ్రహం నుంచి వచ్చినవారు భూమిమీద కాలు మోపటానికి చోటడిగే కథ. పొరుగు దేశంనుంచి వచ్చినవారని వీధిలో వేరుగా చూడబడే పిల్లలకు ఆ పేరు ఎందుకు నచ్చిందో వేరే చెప్పనక్కరలేదు.

రాబర్ట్ అన్న రూడీ మార్టినెజ్ గాయకుడుగా చేరాడు. ఆయన చిత్రమైన మనిషి. ఎప్పుడూ నల్ల కళ్ళద్దాలు తీయడు. తాను అంగారక గ్రహం నుంచి వచ్చానంటాడు, రాక్షసబల్లుల కాలంలో బ్రతికానంటాడు. పేరడిగితే పేరు లేదని, కాగితంమీద ఒక ప్రశ్నార్థక చిహ్నం గీస్తాడు. ఉత్త వేషం అనుకొనేరు. తరువాత తన పేరునే చట్టప్రకారం ఆ చిహ్నంగా మార్చుకొన్నాడు. దానితో మేళం పేరు "క్వశ్చన్ మార్క్ అండ్ ది మిస్టీరియన్స్" అయింది. ఇంతలో వియత్నాం యుద్ధకాలం. లారీ, రాబర్ట్ సైన్యంలోకి పోయారు. వారి స్థానంలో బేస్ గిటారుకు ఫ్రాంక్ లూగో, డ్రమ్ములకు ఎడ్డీ సెరాటో వచ్చారు. ఆర్గన్ వాయించే ఫ్రాంక్ రోడ్రిగెజ్‌కు 1966 నాటికి పదిహేనేళ్ళు నిండాయో లేదో.

ఈ పాట రూడీ ముందుగా ఒక పద్యంగా వ్రాసుకొన్నదట. మొదట "ఎన్నెన్నో కన్నీటి బొట్లు" అని పేరు. తరువాత అంకె పెడదామని అరవై తొమ్మిది అన్నారట. ఆ అంకెకు పెడర్థం తీసి రేడియోవారు అడ్డు చెబుతారేమోనని తిరగవేసి తొంభై ఆరు చేశారట. లోకమంతా మోగిన ఆ సంఖ్య వెనుక ఉన్న రహస్యం ఇంతే.

కథ ఇంతవరకు వచ్చేసరికి మేము శాగినా దాటి బే సిటీ చేరాము. రెండు ఊళ్ళకూ మధ్య పాతిక కిలోమీటర్లకు మించదు. శాగినా నది ఈ ఊరి గుండా పోయి హ్యూరన్ సరస్సులో కలుస్తుంది. ఓడలు వచ్చినప్పుడు మధ్యకు చీలి పైకి లేచే వంతెనలు ఉన్నాయి. మేము పోయేసరికి ఒకటి లేచి ఉన్నది. పది నిమిషాలు ఆగవలసివచ్చింది. పాట పుట్టింది ఈ ఊళ్ళోనే. 1966 వసంతంలో ఒక ఇంటిలో ఏర్పాటు చేసిన చిన్న స్టూడియోలో రికార్డు చేశారు. మేళం వ్యవహారాలు చూస్తూ వచ్చిన లిల్లీ గొంజాలెజ్ అనే ఆవిడ పా-గో-గో అనే తన సొంత చిన్న కంపెనీ పేరుతో కొన్ని వందల రికార్డులు అచ్చువేయించింది. ఆవిడా మెక్సికన్ సంతతే.

ఆ పేట వీధుల్లో కాసేపు నడిచాము. చెక్క ఇళ్ళు, ముందు చిన్న వసారాలు, గుమ్మాలలో గుమ్మడికాయలు. ఏ ఇల్లో కనుక్కోవచ్చునని అల్లుడు అన్నాడు గాని నేను వద్దన్నాను. ఇప్పుడు ఎవరి సంసారమో ఉంటుంది. తలుపు తట్టి మీ వెనుక గదిలో ఏం జరిగిందో తెలుసా అనడం మర్యాద కాదు. అచ్చం ఇటువంటి ఇంటిలోనే, అద్దె కూడా ఎక్కువ ఉండని వీధిలో, ఆ పిల్లలు తమ పెట్టెలు దించుకొని ఒక పూటలో పని ముగించుకొని పోయి ఉంటారనుకొన్నాను.

ఆ కొన్ని వందల రికార్డులు ఏం చేశాయో చూడండి. కుర్రవాళ్ళే వాటిని చుట్టుప్రక్కల రేడియో స్టేషన్లకు మోసుకొనిపోయారు. శాగినా, ఫ్లింట్ స్టేషన్లు వేశాయి. వినేవారు మళ్ళీ మళ్ళీ వేయమని ఫోను చేశారు. డెట్రాయిట్‌కు నది ఆవల కెనడాలో ఉన్న విండ్సర్ నగరపు సి.కె.ఎల్.డబ్ల్యు. స్టేషను అందుకొన్నది. దాని శక్తికి అనేక రాష్ట్రాలలో వినబడింది. అప్పుడు ఫిలడెల్ఫియాలోని కామియో-పార్క్‌వే అనే పెద్ద కంపెనీ రికార్డును తీసుకొని దేశమంతటా విడుదల చేసింది. 1966 అక్టోబరు 29వ తేదీ వారానికి బిల్‌బోర్డ్ పత్రిక వేసే పట్టికలో ఆ పాట మొదటి స్థానంలో నిలిచింది. అంతకు ముందు రెండు వారాలు ఆ స్థానంలో ఉన్నది డెట్రాయిట్ వారైన ఫోర్ టాప్స్ పాట. తరువాతి వారం టెలివిజన్ ధారావాహిక కోసం కంపెనీవారు నలుగురిని ఏరి కూర్చిన మంకీస్ పాట వచ్చింది. మధ్యలో ఆ ఒక్క వారం మాత్రం దుంప కూలీల బిడ్డలది. రికార్డు పది లక్షలకు పైగా అమ్ముడుపోయింది.

ఆ తరువాతి చరిత్ర చెప్పడానికి ఎక్కువ స్థలం అక్కరలేదు. రెండవ పాట ఇరవై రెండవ స్థానం వరకు వచ్చింది. మరొకటి యాభై ఆరు దగ్గర ఆగింది. ఇంకొకటి తొంభై ఎనిమిది. 1966లో ఒకటి, 1967లో ఒకటి, రెండు పెద్ద రికార్డులు వచ్చాయి. కామియో-పార్క్‌వే కంపెనీ ఆర్థికంగా కూలిపోయింది. దాన్ని 1967లో అలెన్ క్లీన్ అనే న్యూయార్కు వ్యాపారి చేజిక్కించుకొన్నాడు. కంపెనీతోబాటు దాని బీరువాలలో ఉన్న టేపులన్నీ ఆయన సొత్తయ్యాయి. శాగినా కుర్రవాళ్ళ పాటా అందులో ఉన్నది.

ఇక్కడ చదువరులు ఒక్క క్షణం ఆగి ఆలోచించాలి. పాట రేడియోలో మోగుతూనే ఉన్నది. పాడినవారి గొంతు లోకానికి తెలుసు. కాని అసలు రికార్డింగు ఎవరి చేతిలో ఉన్నదో వారు దాన్ని బయటకు తీయలేదు. కాంపాక్టు డిస్కుల కాలం వచ్చి, పాతవారందరి పాటలూ మళ్ళీ దుకాణాలలోకి వచ్చాయి. ఇది మాత్రం 2005 వరకు రాలేదు. దాదాపు నలభై ఏళ్ళు. చివరకు వీరు ఒక పని చేశారు. 1997లో మళ్ళీ కలిసి, తమ పాత పాటలను తామే మళ్ళీ మొదటినుంచి వాయించి రికార్డు చేసి అమ్ముకొన్నారు. నేసినవాడే తన పాత చీర కంటికి కనబడక, దాన్ని గుర్తుచేసుకొని మళ్ళీ నేసినట్లున్నది.

ఈలోపల పాట ఇతరుల ఇళ్ళలో కాపురం చేసింది. 1967లోనే అరీతా ఫ్రాంక్లిన్ అంతటి గాయని దాన్ని పాడింది. 1990లో స్ట్రాంగ్లర్స్ అనే ఇంగ్లీషు మేళం పాడితే ఇంగ్లండులో పదిహేడవ స్థానానికి వచ్చింది. వీరి చేతిలో యాభై ఆరు దాటని మూడవ పాటను 1998లో స్మాష్ మౌత్ అనేవారు పాడి దేశమంతా మోగించారు. 1971లో క్రీమ్ అనే మిషిగన్ పత్రికలో డేవ్ మార్ష్ అనే విమర్శకుడు ఈ మేళాన్ని గురించి వ్రాస్తూ "పంక్ రాక్" అనే మాట వాడాడు. తరువాత లోకమంతా వాడిన ఆ మాట అచ్చులో కనిపించిన తొలి సందర్భాలలో అది ఒకటి.

2007 జనవరిలో ఇంకొక దెబ్బ తగిలింది. శాగినాకూ ఫ్లింట్‌కూ మధ్య క్లియో అనే ఊళ్ళో ఉన్న రూడీ ఇల్లు కాలిపోయింది. కళ్ళద్దాలు, దుస్తులు, పాత రికార్డులు, ఛాయాచిత్రాలు, ఆయన పెంచుకొనే చిన్న కుక్కలు కూడా ఆ మంటలో పోయాయి. అభిమానులు కచేరీలు పెట్టి సాయం చేశారు. 2011లో డ్రమ్ములు వాయించిన ఎడ్డీ సెరాటో కాలం చేశాడు.

ఇదంతా విని నాకు జాలి వేసింది. ఎంత దురదృష్టవంతులు, ఒక్క పాట దక్కింది, అదీ చేతిలో నిలవలేదు అని అల్లుడితో అన్నాను. అతడు ఏమీ అనలేదు. మధ్యాహ్నం తిరిగి శాగినా వచ్చి, ఒక మెక్సికన్ రొట్టెల దుకాణంలోకి తీసుకొనిపోయాడు. గాజు పెట్టెలో పైన చక్కెర పట్టీ వేసిన బన్ను రొట్టెలు గుండ్రంగా పేర్చి ఉన్నాయి. ఒక మూలగా ఎనభై ఏళ్ళకు దగ్గరగా ఉన్న పెద్దమనిషి కాఫీ తాగుతున్నాడు. ఎక్కడివారని పలుకరించాడు. ఇండియా అన్నాను. ఇండియాలో ఎక్కడ అన్నాడు. ఆ ప్రశ్నకు మనవంటివారు జవాబు చెప్పడం ఎంత కష్టమో మీకు తెలుసు. ఉండేది మహారాష్ట్రంలో, ఇంట్లో మాట తెలుగు, తాతగారు మగ్గం పనికి వచ్చి మిల్లు ప్రక్కన నిలిచిపోయాడని చెప్పాను. ఆయన తల ఊపాడు. తన కథ కూడా అటువంటిదే అన్నాడు. చిన్నతనంలో తండ్రి పక్కన సాళ్ళలో మోకాళ్ళమీద పోయాడట. తరువాత తండ్రి పోత కార్ఖానాలో చేరాడట. ఇంట్లో స్పానిషు, బడిలో స్పానిషు మాట్లాడితే దండన.

పాట ప్రస్తావన తెచ్చాను. ఆయన ముఖం విప్పారింది. ఆ అక్టోబరులో రేడియోలో ఆ ఆర్గన్ మోగినప్పుడల్లా వీధిలో ప్రతి ఇంటివారూ శబ్దం పెంచేవారట. ఇంగ్లీషు పాటలంటే చెవి మూసుకొనే ఆయన తండ్రికి కూడా ఇది నచ్చిందట. ఆ ఆర్గన్ పలుకులో టెక్సాస్ పెళ్ళిళ్ళలో వాయించే అకార్డియన్ వినబడుతున్నదని ఆ ముసలాయన అన్నాడట. అది ఎంత నిజమో సంగీతం తెలిసినవారు చెప్పాలి. నాకు మాత్రం తరువాత కారులో మళ్ళీ విన్నప్పుడు నిజమేననిపించింది.

పాపం, వారికి ఒక్క పాటే దక్కింది కదా అని నేను అన్నాను. ఆయన కాఫీ కప్పు కిందపెట్టి, మీ వీధి నుంచి ఎన్ని వచ్చాయని నన్ను అడిగాడు.

వెక్కిరింపుగా అడగలేదు. నిజంగానే తెలుసుకోవాలని అడిగాడు. నా దగ్గర సమాధానం లేదు.

బయటకు వచ్చి ఊరంతా ఒకసారి చుట్టాము. 1960లో ఈ ఊళ్ళో తొంభై ఎనిమిది వేలమంది ఉండేవారు. 2020 జనాభా లెక్కలో నలభై నాలుగు వేలు మిగిలారు. పోత కార్ఖానాలు చాలా వరకు పోయాయి. ఇళ్ళు తీసివేసిన ఖాళీ స్థలాలలో గడ్డి మొలిచి ఉన్నది. అడవి పోయింది, ఇనుము పోయింది, దుంప మాత్రం ఉన్నది. అటువంటి ఊళ్ళో నిలబడి, ఒక్క పాట అని నేను తక్కువ చేసి మాట్లాడాను. పట్టికలు లెక్కపెట్టేవారికి అది ఒకటే. కాని ఆ వీధివారి లెక్క వేరు. తాత టెక్సాస్ నుంచి పై కప్పులేని లారీలో వచ్చాడు, తండ్రి పొలంలో నడుము వంచాడు, కొడుకు పదిహేనేళ్ళ వయసులో దేశమంతా విన్న పాటకు ఆర్గన్ వాయించాడు. రెండు తరాల దూరాన్ని ఆ మూడు నిమిషాలలో దాటారు. రికార్డు కాగితాలు ఎవరి బీరువాలో ఉన్నా, ఆ అక్టోబరు ఎవరూ తీసుకొనిపోలేదు.

అట్లాగని కాగితాల సంగతి తేలికగా తీసుకోమని నా అభిప్రాయం కాదు. చేతిపనిమీద బ్రతికిన కుటుంబాలలో పుట్టినవాళ్ళం. పని మన చేతిలో, పత్రం ఇంకొకరి చేతిలో ఉంటే ఏమవుతుందో మన పెద్దలకు తెలుసు. మన పిల్లలు పాడినా, వ్రాసినా, యంత్రం కనిపెట్టినా, సంతకం పెట్టే ముందు చదువుకోవాలి. కీర్తి వచ్చినవేళ చదవడానికి తీరిక ఉండదు. తీరిక దొరికేవేళకు నలభై ఏళ్ళు గడుస్తాయి.

చీకటి పడుతుండగా బే సిటీ చక్కెర ఫ్యాక్టరీ వైపు మళ్ళీ పోనిమ్మన్నాను. ఫ్యాక్టరీ ఇప్పుడు రైతుల సహకార సంఘానిది. ఆవరణలో దుంపలు కొండలాగా పోసి ఉన్నాయి. దీపాల వెలుగులో ఆవిరి పైకి లేస్తున్నది. గాలిలో తడిమట్టి వాసన, ఉడికిన కూర వాసన. ఒకదాని వెనుక ఒకటి లారీలు వచ్చి కుమ్మరించి పోతున్నాయి. పూర్వం ఈ పనికి వందలమంది కావలసివచ్చేది. ఇప్పుడు నలుగురైదుగురు కనిపించారు.

అల్లుడు అడగకుండానే పాట పెట్టాడు. నాకు మాత్రం ఆ సమయంలో మా జిల్లా కళ్ళముందు మెదిలింది. ప్రతి ఏడూ దీపావళి ముందు మరాఠ్వాడా నుంచి చెరకు కోసే కుటుంబాలు ఎడ్లబండ్లమీద, ట్రాక్టర్లమీద వస్తాయి. భార్యాభర్తల జంటకు కలిపి ఒక "కోయితా" అని కూలి లెక్క. కోయితా అంటే వారి చేతిలోని కత్తి. మనిషిని కత్తి పేరుతో పిలుస్తారు. ఫ్యాక్టరీల ప్రక్కన మైదానాలలో గుడిసెలు వేసుకొని, వేసవి రాగానే ఎత్తివేసుకొని పోతారు. పిల్లలు బడికి పోయేది తక్కువ. మనం కూడా ఒకప్పుడు ఆ ఊరికి బ్రతుకుతెరువు కోసం వచ్చినవాళ్ళమే. మిల్లులున్నాయి, సంఘాలున్నాయి, కల్యాణ మండపాలున్నాయి, పత్రిక కూడా ఉన్నది. ఇప్పుడు బస్సు కిటికీలోనుంచి ఆ గుడిసెలను చూస్తూ, చెరకు బండి అడ్డం వచ్చిందని విసుక్కొంటున్నాము.

సాయంకాలం పొయ్యిల ప్రక్కన ఆ పిల్లలు ఏదో పాడుకొంటూ ఉంటారు. డబ్బామీద తాళం వేస్తూ పాడటం బస్సులోనుంచి నాకు చాలాసార్లు వినబడింది. ఈసారి తిరిగి వెళ్ళాక, ఒక సాయంకాలం అక్కడ దిగి, వారు ఏమి పాడుతున్నారో ఆగి వినాలని అనుకొన్నాను. యాభై ఏళ్ళుగా ఆ దారిన పోతున్నాను. ఇంతవరకు ఆగలేదు.